గుండు హనుమంతరావు గారు: అమృతం ముగ్గురు మారారు, అంజి మాత్రం ఒక్కరే

బెజవాడ_బ్యారేజీ (చర్చ మొదలుపెట్టినవారు)

అందరికీ నమస్కారం. నిన్న రాత్రి యూట్యూబులో జెమినీ టీవీ పాత కామెడీ సీరియల్ 'అమృతం' పెట్టుకుని చూస్తుంటే ఒక ఆలోచన వచ్చి, ఇక నిద్ర పట్టలేదు. అందుకే ఇక్కడ పెడుతున్నాను.

అమృతరావు పాత్ర ముగ్గురు చేశారు. మొదట శివాజీ రాజా, తర్వాత నరేష్, ఆ తర్వాత హర్షవర్ధన్. ముగ్గురూ మంచి నటులే. మారిన ప్రతిసారీ రెండు మూడు వారాలు కొత్తగా అనిపించినా మళ్లీ అలవాటు పడిపోయాం. అదే అతని స్నేహితుడు అంజిగా చేసిన గుండు హనుమంతరావు గారు మారి ఉంటే? నా వరకు నేను ఆ ఆదివారమే టీవీ కట్టేసేవాణ్ని. 2001 నవంబరు నుంచి 2007 నవంబరు దాకా, ఆరేళ్లు, 300 పైచిలుకు ఎపిసోడ్లు. ఆ ఇంటికి మూలస్తంభం గుండు హనుమంతరావు గారే. సీరియల్ పేరు అమృతం, కానీ టైటిల్ పాట పిలిచేది ఎవర్ని? ఆంజనేయుల్ని, అంటే మన అంజిని! సిరివెన్నెల గారు ఊరికే రాయరు కదా.

మనిషి మా విజయవాడే. మిఠాయి కొట్టు నడుపుకుంటూ నాటకాలు వేసినాయన. 1987లో జంధ్యాల గారి 'అహ నా పెళ్ళంట'తో సినిమాల్లోకి వచ్చారు. ఆ తర్వాత 400 పైన సినిమాలు అంటారు. కానీ ఆయన సినిమా పాత్రల్లో ఒక్కదాని పేరు చెప్పమంటే నాకు నోట్లోంచి రాలేదు. అంజి పేరు మాత్రం మా ఆరేళ్ల మేనకోడలు కూడా చెప్తుంది.

నా ప్రశ్న ఇది: 30 ఏళ్లు పనిచేసిన సహాయ నటుడికి సినిమా ఇవ్వనిది టీవీ ఏం ఇచ్చింది? ఆయన దాంతో ఏం చేశారు?

ఆదివారం_ఎనిమిదిన్నర

అన్నా, ఇలాంటి చర్చ కోసం ఎన్నాళ్ల నుంచో చూస్తున్నా. 2004లో నేను హాస్టల్లో ఉన్నప్పుడు టీవీ గదిలో ఒకే టీవీ, 200 మంది. క్రికెట్ ఉన్నా సరే, ఆదివారం రాత్రి ఆ అరగంట జెమినీ పెట్టాల్సిందే. కరెంటు పోతే పక్క వీధిలో ఇన్వర్టరు ఉన్న ఇంటి కిటికీ దగ్గర నిలబడి చూశాం. ఆ ఇంటావిడ మమ్మల్ని తిట్టకుండా టీవీని కిటికీ వైపు తిప్పేది.

అంజి ఎవరంటే, మనందరి ఫ్రెండ్స్ బ్యాచ్‌లో ఉండే ఆ ఒక్కడు. 'వద్దురా' అంటూనే మనతో పాటు వచ్చేసేవాడు. అమృతం ఏదో పథకం వేస్తాడు, అది కొంప ముంచుతుందని అంజికి ముందే తెలుసు. అయినా వెళ్తాడు. ఆ 'తెలిసి వెళ్లడం' ఆయన మొహంలో కనపడేది.

పాత_వీసీఆర్

ఒక్క విషయంలో అడ్డు చెప్తాను, ఏమనుకోకండి. సినిమా పాత్రల్ని అంత తేలిగ్గా తీసేయొద్దు. 'కొబ్బరి బోండాం', 'బాబాయ్ హోటల్', 'రాజేంద్రుడు గజేంద్రుడు', 'మాయలోడు', 'యమలీల'... 90ల్లో కామెడీ సినిమా అంటే ఒక్క హీరోది కాదు, పది పన్నెండు మంది కలిసి లాగే బండి. ఎవరికి ఎంత దొరికినా ఒక నిమిషం, రెండు నిమిషాలు. ఆ నిమిషంలోనే వచ్చి, ఎవరో తెలియజెప్పి, నవ్వించి, సీనుని హీరో చేతిలో పెట్టి వెళ్లిపోవాలి. అదీ ఒక విద్యే. నిమిషం పాత్రకి ఎక్కువ చేస్తే సీను పాడవుతుంది, తక్కువ చేస్తే ఎడిటింగులో పోతుంది.

'అహ నా పెళ్ళంట' చూడండి. ఆ ఒక్క సినిమా కోట గారిని ఎక్కడికో తీసుకెళ్లింది, బ్రహ్మానందం గారికి జీవితం ఇచ్చింది. అదే సినిమాలో మొదటి అడుగు వేసిన హనుమంతరావు గారికి అలాంటి మలుపు రాలేదు. ప్రతిభ లేకనా? కాదు. ఆ రెండు పాత్రలూ కథకి ఇరుసులు. ఈయనది చక్రం మీద ఒక పుల్ల. పాత్ర రాసి ఉండాలండీ. రాసినవాడు లేకపోతే నటుడు ఎంతని మోస్తాడు?

బెజవాడ_బ్యారేజీ

వీసీఆర్ గారూ, ఒప్పుకుంటాను. 'పేరు రాలేదు' అన్నది పాత్రని తక్కువ చేయాలని కాదు, బాధతో అన్నాను. మీరన్న 'పాత్ర రాసి ఉండాలి' దగ్గరే అసలు సంగతి ఉందనిపిస్తోంది. అంజిని వాళ్లు రాశారు. గుణ్ణం గంగరాజు గారి నిర్మాణం, హర్షవర్ధన్ లాంటి రచయితలు, నటుల మీద నమ్మకం. వారం వారం ఆ మనిషికి ఏదో ఒకటి రాస్తూనే పోయారు.

సెట్టు_పక్కన

నేను సీరియల్స్‌లో అసిస్టెంటుగా తొమ్మిదేళ్లు పనిచేశాను ('అమృతం'లో కాదు, వేరేచోట). పని పద్ధతి తెలిస్తే ఆయన ఏం చేశారో ఇంకా బాగా అర్థమవుతుంది.

సినిమాలో కామెడీ ఆర్టిస్టుకి రెండు రోజులో మూడు రోజులో కాల్షీటు ఇస్తారు. ఉదయం మేకప్ వేసుకుని కూర్చుంటే హీరోతో కాంబినేషన్ ఎప్పుడు కుదిరితే అప్పుడు పిలుస్తారు. ఒక్కోసారి సాయంత్రం అయిదింటికి. పాత్ర ఎవరో, ముందు సీనులో ఏం జరిగిందో చెప్పే తీరిక కూడా ఎవరికీ ఉండదు. డైలాగు పేపరు చేతిలో పెడతారు, అంతే.

టీవీలో అలా కాదు. అదే ఇల్లు, అదే సోఫా, అదే మనుషులు. మూడో నెలకి ఆ పాత్ర తలుపు ఎలా తీస్తుందో, కోపం వస్తే ఎక్కడ కూర్చుంటుందో నటుడికే తెలిసిపోతుంది. డైరెక్టరు చెప్పక్కర్లేదు. సహాయ నటుడికి ఇంతకంటే పెద్ద వరం లేదు.

కానీ దాంట్లోనే ప్రమాదం కూడా ఉంది. రోజుకి ఇన్ని సీన్లు అని లెక్క. ముందు మాస్టర్ షాటు (సీను మొత్తం ఒకే ఫ్రేములో), తర్వాత మాట్లాడేవాళ్ల సజెషన్లు (ఒకరి భుజం మీదుగా ఇంకొకర్ని చూపేవి), క్లోజులు (మొహం దగ్గరగా). వినేవాడి రియాక్షన్ అన్నిటికంటే చివర. అప్పటికి లైట్‌మెన్ అలిసిపోయి ఉంటారు, ఎదురుగా మాట్లాడిన ఆర్టిస్టు వెళ్లిపోయి ఉంటాడు. నాలాంటి అసిస్టెంటు కెమెరా పక్కన నిలబడి డైలాగు పొడిపొడిగా చదువుతుంటే, దానికి నవ్వాలి, భయపడాలి, గుటక మింగాలి. చాలామంది ఆ షాటు తోసేస్తారు. 'మొహం పెట్టు, ప్యాకప్ అంటారు' అన్నట్టు ఉంటుంది. నేను పనిచేసిన ఒక సీరియల్లో ఒకే రియాక్షన్ క్లోజుని మూడు ఎపిసోడ్లకి వాడారు. అడిగితే 'ఎవరు చూస్తారయ్యా' అన్నారు. ఆ మాట ఇప్పటికీ గుచ్చుకుంటుంది.

హనుమంతరావు గారి రియాక్షన్లు గమనించండి. ఎక్కడా తోసేసినట్టు ఉండవు. ఎదుటివాడి మాట నిజంగా చెవిన పడ్డట్టే ఉంటుంది.

నాటకం_మాస్టారు

సెట్టు పక్కన గారు బంగారం లాంటి మాట చెప్పారు. నేను 35 ఏళ్లుగా పరిషత్తు నాటకాలు వేయిస్తున్నాను. మా దగ్గర ఉన్న పెద్ద జబ్బు అదే. పైన వేలాడే మైకు కిందికొచ్చి తన డైలాగు కొట్టడం, అయ్యాక బొమ్మలా నిలబడి మళ్లీ తన వంతు కోసం చూడడం. ఎదుటివాడి మాట వినరు. చప్పట్ల కోసం వింటారు.

విజయవాడలో హనుమంతరాయ గ్రంథాలయం, తుమ్మలపల్లి కళాక్షేత్రం లాంటి చోట్ల నాటకాలు చూసి పెరిగిన తరం మాది. అక్కడి ప్రేక్షకుడు వెనక వరసలోంచి 'వినపట్లా' అని అరుస్తాడు. అందుకే అక్కణ్ణుంచి వచ్చిన నటులకి గొంతు ఉంటుంది. హనుమంతరావు గారికీ ఉంది. కానీ ఆయన టీవీకి వచ్చాక ఆ గొంతుని దాచిపెట్టారు, అది నాకు అద్భుతం. నాటకం నుంచి వచ్చినవాళ్లు చిన్న తెరమీద అరుస్తున్నట్టు ఉంటారు, అది తెలియకుండా జరిగే తప్పు. ఆయన కొంచెం ఆయాసంగా, కొంచెం నసుగుతూ, ఇంట్లో మనిషి మాట్లాడినట్టు మాట్లాడారు.

ఒక పరీక్ష చెప్తాను, అందరూ చేసి చూడండి. ఏదో ఒక ఎపిసోడు పెట్టి సౌండు పూర్తిగా తీసేయండి. మాట్లాడేవాళ్లని చూడొద్దు. అంజిని ఒక్కణ్నే చూడండి. ఆ తర్వాత వచ్చి ఏం చూశారో ఇక్కడ రాయండి.

డల్లాస్_ఆవకాయ

మాస్టారూ, ఈ వారాంతం తప్పకుండా చేస్తాం. మా సంగతి ఒకటి చెప్పాలి. మా అబ్బాయి ఇక్కడే పుట్టాడు. తెలుగు అర్థమవుతుంది కానీ మాట్లాడడు. ఎన్ని చేసినా ఇంగ్లీషులోనే జవాబు. లాక్‌డౌన్ రోజుల్లో రాత్రి భోజనాలప్పుడు రోజుకో 'అమృతం' ఎపిసోడు పెట్టడం మొదలుపెట్టాం. నెల తిరిగేసరికి వాడు వాళ్ల నాన్నని 'ఒరేయ్ ఆంజనేయులూ' అని పిలిచాడు! మేం కోప్పడలేదు, నవ్వలేక చచ్చాం. వాడి నోటి నుంచి తనంతట తాను వచ్చిన మొదటి తెలుగు వాక్యం అది.

వాడికి ఇంటి ఓనరు అప్పాజీ అంటే భయం, హోటల్లో పనిచేసే సర్వం అంటే ఇష్టం. అంజి అంటే మాత్రం 'హీ ఈజ్ లైక్ తాతయ్య' అన్నాడు. మా మామగారిలో ఏం చూశాడో, అంజిలో ఏం చూశాడో నాకు తెలీదు. బహుశా ఇద్దరూ ఎవరి మీదా గెలవాలనుకోరు, అదేనేమో.

పాత_వీసీఆర్

మధ్యలో ఒక పాయింటు. అంజిని వేరేవాళ్లు చేసిన సందర్భాలు ఉన్నాయి కదా. 2014లో 'చందమామలో అమృతం' సినిమా వచ్చింది. అందులో అవసరాల శ్రీనివాస్ అమృతం, అంజిగా హరీష్. 2020లో 'అమృతం ద్వితీయం' వెబ్ సిరీస్‌లో ఎల్బీ శ్రీరామ్ గారు అంజి. ఎల్బీ గారు ఎంత గొప్ప నటుడో, ఎంత గొప్ప రచయితో నేను చెప్పక్కర్లేదు. ఆయన తెలివిగా హనుమంతరావు గారిని అనుకరించకుండా తన పద్ధతిలో చేశారు. అయినా చూస్తున్నంతసేపూ నాకు మనసులో ఇంకో గొంతు వినిపిస్తూనే ఉంది. దానికి ఎల్బీ గారు ఏం చేస్తారు పాపం.

కాబట్టి బ్యారేజీ గారి మొదటి మాట నిజమే. అమృతాన్ని ముగ్గురు చేసినా అది పాత్రగానే ఉంది. అంజి మాత్రం ఆ మనిషే అయిపోయాడు. నేను సినిమా వైపు వాదించినవాణ్ని, ఇక్కడ తగ్గుతున్నాను.

వారానికి_మూడుసార్లు

ఇక్కడ ఎప్పుడూ రాయలేదు, చదవడమే. ఈ చర్చ చూశాక రాయకుండా ఉండలేకపోయాను.

మా నాన్నకి కిడ్నీలు పాడయ్యాయి. 2016 నుంచి డయాలసిస్. వారానికి మూడుసార్లు, సారికి నాలుగ్గంటలు. ఉదయం ఆరింటికి బయల్దేరితే ఇంటికొచ్చేసరికి మధ్యాహ్నం రెండు. వెళ్లేటప్పుడు ఆయన మాట్లాడేవాడు కాదు, వచ్చేటప్పుడు మాట్లాడే ఓపిక ఉండేది కాదు. ఆ గదిలో పది మంచాలు, పది మిషన్లు. అలారం మోగితే పది మంది తలలూ ఒకేసారి అటు తిరుగుతాయి, 'నాదేనా' అని. నీళ్లు కూడా కొలిచి తాగాలి. మా నాన్న చిన్న స్టీలు గ్లాసు తెచ్చుకుని, రెండు గుక్కలు తాగి, మిగతావి మూత పెట్టి దాచుకునేవాడు.

సూది ఎక్కించిన చెయ్యి కదపకూడదు. అందుకని నేను ఫోను పట్టుకునేవాణ్ని, ఆయన చూసేవాడు. మొదట భక్తి పాటలు పెట్టాను. వద్దన్నాడు. వార్తలు వద్దన్నాడు. ఒకరోజు ఏదో నొక్కితే 'అమృతం' వచ్చింది, తీసెయ్యబోతే 'ఉంచు' అన్నాడు. నాలుగ్గంటల్లో ఏడెనిమిది ఎపిసోడ్లు అయ్యేవి. పక్క మంచం ఆయన 'కొంచెం సౌండు పెంచు బాబూ' అనేవాడు. నర్సమ్మ కూడా బీపీ చూస్తూ ఒక్క నిమిషం ఎక్కువ నిలబడేది. మా నాన్న అందరి కంటే అంజిని చూసే నవ్వేవాడు. పెద్దగా కాదు, ముక్కుతో 'హుఁ' అని. ఆ 'హుఁ' కోసం నేను ఫోను ఎంతసేపైనా పట్టుకునేవాణ్ని.

హనుమంతరావు గారు ఒక టీవీ షోకి వచ్చి తన ఆరోగ్యం గురించి చెప్పారు కదా, ఆయనకీ కిడ్నీ జబ్బే, డయాలసిసే అని. ఆ సంగతి మా నాన్నకి చెప్పాలా వద్దా అని రెండు రోజులు ఆలోచించాను. చెప్పాను. కాసేపు ఊరుకుని, 'అయితే ఆయనకీ నీళ్లు కొలతేనా' అని అడిగాడు. అంతే. ఆ తర్వాత ఎపిసోడ్లో అంజి మంచినీళ్లు తాగే సీను వస్తే, ఆయన తాగడం పూర్తయ్యేదాకా మా నాన్న అలా చూస్తూనే ఉండేవాడు.

2018 ఫిబ్రవరి 19న పొద్దున్న వార్త వచ్చింది. 61 ఏళ్లు. ఆ రోజు సోమవారం, మా వంతు ఉన్న రోజు. నేను దారిలో ఏమీ చెప్పలేదు. గదిలో అందరికీ అప్పటికే తెలుసు. పక్క మంచం ఆయన ఏమీ అనకుండా మా ఫోను వైపు చూశాడు. నేను మా నాన్న వైపు చూశాను. 'పెట్టు' అన్నాడు.

ఆదివారం_ఎనిమిదిన్నర

చదివి చాలాసేపు ఏమీ రాయలేకపోయా అన్నా. నాన్నగారు ఇప్పుడు ఎలా ఉన్నారు?

వారానికి_మూడుసార్లు

2019లో పోయారు తమ్ముడూ. ఆ గ్లాసు నా దగ్గరే ఉంది.

సెట్టు_పక్కన

మనసు భారమైంది. ఒక విషయం మాత్రం చెప్పాలి, ఎందుకంటే ఇది మా అందరి సమస్య. ఆయన జబ్బు చేసినప్పుడు చిరంజీవి గారు, ఇంకొందరు ముందుకొచ్చి సాయం చేశారు, ముఖ్యమంత్రి సహాయ నిధి నుంచి కూడా డబ్బు వచ్చింది. మంచిదే, చేసినవాళ్లకి దండం. కానీ సహాయ నటుడి బతుకు రోజు లెక్క. పని ఉన్న రోజే డబ్బు. అదే ఎపిసోడు ఇవాళ కోట్ల సార్లు ఎవరు చూసినా, నటించిన మనిషికి మళ్లీ పైసా వచ్చే పద్ధతి మన దగ్గర మామూలుగా లేదు. ఒకసారి ఇచ్చారు, అయిపోయింది. వారానికి మూడు సార్లు మిషను మీద పడుకునే మనిషి షూటింగుకి ఎక్కడ వెళ్తాడు? నాతో పనిచేసిన పెద్ద వయసు ఆర్టిస్టులు ఎంతమందో బీపీ మాత్ర వేసుకుని 'ఏం లేదమ్మా, బాగానే ఉన్నా' అంటూ మేకప్ వేసుకునేవాళ్లు. బాగాలేదంటే రేపటి నుంచి ఇంకొకర్ని పిలుస్తారని టెన్షన్.

ఆయనకి టీవీ విభాగంలో మూడుసార్లు నంది వచ్చింది. అది తలుచుకుంటే కాస్త తృప్తి. కనీసం గుర్తించారు.

బెజవాడ_బ్యారేజీ

మూడుసార్లు గారూ, మీరు రాసింది మా ఇంట్లో అందరికీ చదివి వినిపించాను. మా అమ్మ లేచి లోపలికి వెళ్లిపోయింది. మీకు ఏం చెప్పాలో తెలియట్లేదు. రాసినందుకు నమస్కారం.

మాస్టారి పరీక్ష నేను చేశాను. సౌండు తీసేసి చూశాను. అమృతం గది అంతా తిరుగుతూ, చేతులు ఊపుతూ ఏదో ప్లాను చెప్తున్నాడు. అంజి కుర్చీలో ఉన్నాడు. మొదట మొహంలో ఏమీ లేదు. తర్వాత కనుబొమ్మలు కొంచెం లేచాయి, నచ్చింది. పెదవి చివర నవ్వు మొదలైంది. అప్పుడు ఏదో మాట విన్నాడు, నవ్వు అక్కడే ఆగిపోయింది. పోలేదు, ఆగింది. ఆ ఆగిపోయిన నవ్వుతోనే కళ్లు నెమ్మదిగా భార్య శాంత ఉన్న తలుపు వైపు వెళ్లాయి. సౌండు లేకుండానే నాకు కథ మొత్తం అర్థమైంది. ఆవిడకి తెలియకూడని పని ఏదో వీళ్లిద్దరూ చేయబోతున్నారు.

డల్లాస్_ఆవకాయ

మేమూ చేశాం. మా వాడు సౌండు లేకపోతే చూడనని గొడవ చేశాడు. తర్వాత వాడే అంజికి డైలాగులు చెప్పడం మొదలుపెట్టాడు, తెలుగులో, తప్పులతో. 'వద్దు అమృతం, ఆంటీ చూస్తది' అని. నిజం సౌండు పెట్టి చూస్తే భావం అదే.

నాటకం_మాస్టారు

అందరి పోస్టులూ చదివాను. మూడుసార్లు గారూ, మీ నాన్నగారికి నా నమస్కారం. ప్రేక్షకుడంటే అలాంటివారే.

నిన్న సాయంత్రం మా పిల్లలతో కూడా చేయించాను. వచ్చే నెల పోటీకి నాటిక తయారవుతోంది, తొమ్మిది మంది. ల్యాప్‌టాప్ బల్ల మీద పెట్టి సౌండు తీసేశాను. ముందు నవ్వుకున్నారు, తర్వాత నిశ్శబ్దం అయిపోయారు. నాటికలో నౌకరు వేషం వేసే కుర్రాడు ఒకడున్నాడు. మొత్తం నాలుగే డైలాగులు, అందుకని మొదటి రోజు నుంచీ ముభావంగా ఉన్నాడు. వాడు లేచి 'మాస్టారూ, వెనక్కి పెట్టండి' అన్నాడు. పెట్టాను. మళ్లీ పెట్టమన్నాడు. మూడోసారి స్క్రీను దగ్గరికి వెళ్లి చూపించాడు. అప్పాజీ మాట్లాడుతున్నంతసేపూ అంజి పెదాలు కనీకనపడకుండా కదులుతున్నాయి. జవాబు తయారు చేసుకుంటున్నాడు. తీరా అప్పాజీ ఆపాక ఆ జవాబు చెప్పలేదు, మింగేశాడు.

ఇవాళ రిహార్సల్లో ఆ కుర్రాడు తన నాలుగు డైలాగుల గురించి అడగలేదు. 'యజమాని మాట్లాడేటప్పుడు నేనెక్కడ నిలబడాలి మాస్టారూ' అని అడిగాడు.